అబ్బాయి మీద గెలిచింది సరే, తర్వాత?

ప్రశ్న: మాది వరంగల్. మా అమ్మాయికి 19 ఏళ్లు. హైదరాబాద్‌లో హాస్టల్‌లో ఉండి బీకాం రెండో సంవత్సరం చదువుతోంది. ఇంటర్ నుంచీ జియు జిట్సు నేర్చుకుంటోంది. ఈమధ్య ఒక పోటీలో తన బరువులో అమ్మాయిలు లేరని 60 కిలోల అబ్బాయితో ఆడించారట. చెయ్యి లాక్ చేసి గెలిచింది. ఆ వీడియో చూసి ఒక నిర్వాహకుడు ఫోన్ చేశాడు. 'అమ్మాయి వర్సెస్ అబ్బాయి' అని టికెట్ షో పెడతారట, 75 కిలోల కుర్రాడితో ఆడితే 15 వేలు ఇస్తారట. మా అమ్మాయి బరువు 57. ఇక ఇదే నా కెరీర్, డిగ్రీ డిస్టెన్స్‌లో కట్టుకుంటానంటోంది. బంధువులు తలో మాటా అంటున్నారు. వద్దంటే అలుగుతుంది, సరేనంటే నాకు నిద్ర పట్టదు. ఏం చేయమంటారు?

జవాబు: అమ్మా, ముందు ఆ 15 వేల సంగతి తేల్చేద్దాం. 57 కిలోల అమ్మాయిని 75 కిలోల కుర్రాడి ముందు నిలబెట్టడాన్ని నేను పోటీ అనను, తమాషా అంటాను. అవతల ఉన్నది అబ్బాయి అని కాదు నా అభ్యంతరం. 60 కిలోల వాడితో ఆడింది కదా, అది సరైన ఆటే, గెలుపూ నిజమైన గెలుపే. కానీ బరువు విభాగాలున్న పోటీల్లో 57 కిలోలు, 75 కిలోలు ఉన్న ఇద్దరు మగవాళ్లనైనా మామూలుగా ఒకే విభాగంలో పెట్టరు. దానికి తోడు, ఒకే బరువున్నా మగవాళ్లకు భుజాల్లో, చేతుల్లో బలం బాగా ఎక్కువ. కిందపడ్డాక పట్టులో నేర్పు ఆ లోటును కొంత పూడుస్తుంది. అంతా పూడ్చలేదు.

ఈ ఆట ఎలా ఉంటుందో మీకు కొంచెం చెప్పాలి. గుద్దడాలు, తన్నడాలు ఉండవు. కింద పడేసి, కీలునో మెడనో ఉడుంపట్టు పట్టి, అవతలివాళ్లు 'ఇక చాలు' అని చేత్తో తట్టేదాకా వదలకపోవడమే ఆట. దాన్నే ట్యాప్ అంటారు. మోచేతి లాక్‌లో ముందు నొప్పి తెలుస్తుంది కాబట్టి తట్టడానికి వ్యవధి ఉంటుంది. మడమ పట్టుకుని తిప్పే హీల్ హుక్ అలా కాదు. నొప్పి తెలిసేలోపే మోకాలి లిగమెంట్ తెగిపోవచ్చు. అందుకే జియు జిట్సు పోటీలు నడిపే పెద్ద సంస్థ ఐబీజేజేఎఫ్, ఆ పట్టును 2021 నుంచి మాత్రమే, అదీ గీ (ఈ ఆటకు వేసుకునే మందపాటి దుస్తులు) వేసుకోని పోటీల్లో పెద్దవాళ్ల బ్రౌన్, బ్లాక్ బెల్టులకే అనుమతించింది. కాబట్టి టికెట్ షోలో రూల్స్ కాగితం మీద ఉన్నాయా, హీల్ హుక్ ఉందా లేదా, తూకం ఎప్పుడు వేస్తారు, డాక్టర్ ఎవరు, మోకాలు పోతే ఆపరేషన్ ఖర్చు ఎవరిది, వీడియో మీద హక్కు ఎవరిది అని అడగాలి. చివరిది చిన్న విషయం అనుకోకండి. ఆ వీడియో ఏ హెడ్డింగుతో ఎక్కడ తిరుగుతుందో మీ అమ్మాయి చేతిలో ఉండదు.

ప్రపంచంలో ఇలాంటి మ్యాచ్‌లు లేవా అంటే ఉన్నాయి. 2024 ఆగస్టులో లాస్ వెగాస్‌లో ఆస్ట్రేలియా ఆటగాడు క్రెయిగ్ జోన్స్ తన పేరుతోనే పెద్ద టోర్నమెంట్ పెట్టాడు. రెండు బరువు విభాగాలు, ఒక్కో విజేతకు 10 లక్షల డాలర్లు. అందులోనే బ్రెజిల్ మహిళా ఛాంపియన్ గాబీ గార్సియాతో తాను స్వయంగా తలపడి, సబ్మిషన్‌తో, అంటే పట్టుతో లొంగదీసి గెలిచాడు. జనం దాని గురించి తెగ మాట్లాడుకున్నారు. మీ అమ్మాయికి ఒక్క విషయం చూపించండి. ఆ 10 లక్షల డాలర్ల విభాగాలు రెండూ మగవాళ్లవే. ఆ ఏడాది ఆడవాళ్లకు అక్కడ టోర్నమెంటే లేదు, విడి మ్యాచ్‌లే. స్త్రీ పురుషుల మ్యాచ్‌కు చూపులు దక్కాయి, ఆడవాళ్లు ఎక్కడానికి మెట్లు మాత్రం దక్కలేదు. గార్సియాకు అప్పటికే పేరుంది, బోలెడన్ని ప్రపంచ టైటిళ్లున్నాయి. మీ అమ్మాయికి ఇంకా ఏమీ లేదు.

బంధువుల మాటకొస్తే, వాళ్లకు హమీదా బాను కథ చెప్పండి. 1954లో 'నన్ను కుస్తీలో ఓడించినవాణ్ని పెళ్లి చేసుకుంటా' అని సవాలు విసిరిన ఉత్తరప్రదేశ్ పహిల్వాన్ ఆమె. బరోడాలో బాబా పహిల్వాన్‌ని నిమిషం 34 సెకన్లలో చిత్తు చేసింది. మన తాతల కాలం నాటి ముచ్చట ఇది. కొత్తగా కొంపలేమీ మునగలేదు.

అబ్బాయిలతో ప్రాక్టీస్ మానిపించాలా అని మీకు లోపల ఉండే ఉంటుంది. వద్దు. ఈ అకాడమీల్లో అమ్మాయిలు తక్కువ, అబ్బాయిలతో పట్టకపోతే నేర్చుకోవడమే కుదరదు. కానీ మీరొకసారి వెళ్లి ఒక పూట కూర్చుని చూసి రండి. కోచ్ బరువు చూసి జోడీ కడుతున్నాడా, ట్యాప్ చేయగానే వదులుతున్నారా, ఇంకా ఎంతమంది ఆడపిల్లలున్నారు, ఏదైనా ఇబ్బంది వస్తే ఎవరికి చెప్పుకోవాలో వాళ్లకు తెలుసా? చూస్తే మీకే అర్థమవుతుంది.

ఇక కెరీర్. నా దగ్గరికి వచ్చిన ఒక కుర్రాడు గుర్తొస్తున్నాడు. ప్రైవేటు టోర్నమెంట్ల మెడల్స్ సంచీ నిండా తెచ్చాడు. స్పోర్ట్స్ కోటా వెరిఫికేషన్‌లో ఒక్కటీ పనికిరాలేదు. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగాల్లో ఆ సర్టిఫికెట్లకు పోటీ స్థాయిని బట్టి విడివిడి ఫారాలుంటాయి. అంతర్జాతీయం, జాతీయం, అంతర్ విశ్వవిద్యాలయం, స్కూల్ గేమ్స్. మూడోది చూడండి. మీ అమ్మాయి రెగ్యులర్ డిగ్రీలో ఉంది కాబట్టి యూనివర్సిటీ జట్టుకు సెలక్షన్స్‌కి వెళ్లొచ్చు. అంతర్ విశ్వవిద్యాలయ పోటీల్లో మహిళల జూడో ఉంది, మహిళల కుస్తీ ఉంది. డిస్టెన్స్‌కి మారితే ఆ దారి తనంతట తానే మూసుకున్నట్టు. నేను డిగ్రీ వదలొద్దనేది పట్టా కోసం కాదమ్మా, ఇందుకోసం.

జూడో అనగానే మొహం చిట్లిస్తుంది, తెలుసు. బ్రెజిల్ జియు జిట్సు పుట్టిందే జూడో నుంచి. మాయెదా అనే జపాన్ జూడో వీరుడు 1914లో బ్రెజిల్‌లో అడుగుపెట్టాడు, అక్కడ మొదలైంది కథ. మెడ పట్టు, మోచేతి లాక్ జూడోలోనూ చెల్లుతాయి. కాలి లాక్‌లు చెల్లవు, చేత్తో కాళ్లు పట్టుకుని పడేయడమూ కుదరదు, అలవాటు మార్చుకోవాలి. నిలబడి విసరడం కొత్తగా నేర్చుకోవాలి, దానికి ఏడాదైనా పడుతుంది. కింద పడ్డాక మాత్రం తనకు ఎదురు నిలిచేవాళ్లు తక్కువే ఉంటారు. అన్నట్టు, అబ్బాయిలూ అమ్మాయిలూ కలిసి ఆడాలనే సరదా ఉంటే టోక్యో ఒలింపిక్స్ నుంచి జూడోలో మిక్స్‌డ్ టీమ్ పోటీ ఉంది. ముగ్గురు ఆడవాళ్లు, ముగ్గురు మగవాళ్లు ఒకే జట్టు, తలపడేది మాత్రం ఆడవాళ్లతో ఆడవాళ్లు, మగవాళ్లతో మగవాళ్లు. టోక్యోలోనూ పారిస్‌లోనూ ఫ్రాన్సే గెలిచింది. ఆ పోటీలో ఆడవాళ్ల తక్కువ బరువు విభాగం ఎంతో తెలుసా? 57 కిలోలు.

జియు జిట్సు మానేయమనడం లేదు. 2018 జకార్తా ఏషియన్ గేమ్స్ నుంచి అది, జు జిట్సు అనే పేరుతో, అక్కడ మెడల్ ఆట. అయితే ప్రతి కోటా నోటిఫికేషన్ కిందా ఆటల జాబితా ఇస్తారు, అందులో తన ఆట ఉందో లేదో చదివాకే ఆశ పెట్టుకోమనండి.

పోటీల్లో పైకి రాకపోయినా మ్యాట్ మీద బతుకు ఉంది. డిగ్రీ అయ్యాక పటియాలాలోని జాతీయ క్రీడా శిక్షణ సంస్థ ఎన్ఐఎస్‌లో ఏడాది కోచింగ్ డిప్లొమా చేయొచ్చు, జూడో, కుస్తీ రెండూ ఉన్నాయి. పీఈసెట్ ప్రవేశ పరీక్ష రాసి బీపీఈడీ (వ్యాయామ విద్య డిగ్రీ) చేస్తే స్కూళ్లలో వ్యాయామ ఉపాధ్యాయురాలి పోస్టులకు అర్హత వస్తుంది. 2022లో స్పోర్ట్స్ అథారిటీ ఆఫ్ ఇండియా, అమ్మాయిలున్న జట్టు ఎక్కడికెళ్లినా వెంట మహిళా కోచ్ ఉండాలని ఫెడరేషన్లకు చెప్పింది. పట్టు తెలిసిన ఆడ కోచ్‌లు ఎక్కడున్నారు చెప్పండి? నా లెక్కలో మీ అమ్మాయికి అసలు గిరాకీ అక్కడుంది. బీకాం కూడా వృథా పోదు, సొంత అకాడమీ పెట్టినవాళ్లలో అద్దె లెక్క తెలియక మూసేసినవాళ్లను చూశాను.

ఆ నిర్వాహకుడికి మీరు ఫోన్ చేయకండి. మీ అమ్మాయితోనే చేయించండి, పైన రాసినవన్నీ తననే అడగనివ్వండి. 'నా బరువు అబ్బాయిని పెట్టండి, రూల్స్ రాసివ్వండి, ఇన్సూరెన్స్ చేయించండి' అంటే ఒప్పుకున్నాడనుకోండి, ఆడనివ్వండి, మీరూ వెళ్లి చూడండి. నసిగితే తనకే తెలిసిపోతుంది. ఈలోపు కాలేజీ పీడీ సార్‌ని కలిసి యూనివర్సిటీ జూడో సెలక్షన్స్ ఎప్పుడో కనుక్కోమనండి.