నలభై లక్షల అప్పుకు మొత్తం ఎంత కడతావు?

గుంటూరు, బ్రాడీపేట.

చిరంజీవికి పెద్దమ్మ ఆశీస్సులు.

నిన్న రాత్రి ఫోనులో పోరంకి ఫ్లాటు సంగతి చెబుతూ, బ్యాంకు వాళ్లు 40 లక్షలు ఇస్తామన్నారని, 20 ఏళ్ల గడువుకు 8.5 శాతం వడ్డీ మీద నెలకు 34,713 రూపాయల కంతు పడుతుందని, మీ ఇద్దరి జీతాలకు అది బరువు కాదని అన్నావు. ఫోనులో చెప్పిన అంకెలు ఒక చెవిన పడి రెండో చెవిన పోతాయి కాబట్టి నేను అప్పుడేమీ అనలేదు. సహకార బ్యాంకులో 28 ఏళ్లు లెడ్జర్లు రాసినదాన్ని గనుక, నీ మాటల్లో ఒక ప్రశ్న లేకపోవడం నాకు వెంటనే తట్టింది. నెలకు ఎంత కట్టాలో అడిగి తెలుసుకున్నావు గాని, మొత్తం ఎంత కట్టాలో అడగలేదు.

ఆ కంతును 240 నెలలతో గుణిస్తే 83,31,120 రూపాయలవుతుంది. అందులో నీవు తీసుకున్నది 40 లక్షలు, మిగిలిన 43 లక్షల 31 వేలు వడ్డీ. రేటు ఎక్కువని నేను అనడం లేదు. మన వైపు లెక్కలో 8.5 శాతమంటే నూటికి నెలకు 71 పైసలు. రూపాయి వడ్డీకి అప్పు పుడితే ధర్మవడ్డీ అని సంతోషించిన ఇంట్లో పుట్టినదాన్ని, 71 పైసలను చవక అనే అంటాను. అయితే చవక వడ్డీని 20 ఏళ్లు నడిపిస్తే అది అసలును మించిపోతుంది. ఆ మించడం ఏ నెలలో ఎలా జరుగుతుందో తెలిస్తే తప్ప ఈ అప్పు నీకు అర్థమైనట్టు కాదు.

మీ తాతగారి పెట్టెలో ఉన్న ప్రోనోట్లు నీవు చిన్నప్పుడు చూసే ఉంటావు. అప్పు తీసుకున్నవాడు డబ్బు తెచ్చిన ప్రతిసారీ నోటు వెనక తేదీ వేసి చెల్లు రాసేవారు; తెచ్చిన సొమ్ములో ముందు అప్పటిదాకా పెరిగిన వడ్డీ మినహాయించుకుని, మిగిలితేనే అసలుకు జమ కట్టేవారు. బ్యాంకు చేసేదీ సరిగ్గా అదే. మొదటి నెల నీ బాకీ 40 లక్షలు కాబట్టి ఆ నెల వడ్డీ 28,333 రూపాయలు. నీవు కట్టిన 34,713లో ఆ వడ్డీ పోగా అసలుకు చేరేది 6,380 మాత్రమే. రెండో నెల వడ్డీ నలభై అయిదు రూపాయలు తగ్గుతుంది, అసలు అంతే పెరుగుతుంది. ఈ నత్తనడకన కంతులో అసలు భాగం వడ్డీ భాగాన్ని మొదటిసారి దాటేది 143వ నెలలో, అంటే పన్నెండో ఏడు ముగుస్తుండగా. అయిదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టి, 20 లక్షల 83 వేలు జేబులోంచి పోయిన తరువాత చూసుకుంటే బాకీ ఇంకా 35 లక్షల 25 వేలు ఉంటుంది. పదేళ్లకు 28 లక్షలు. అప్పు సగమయ్యేది పద్నాలుగో ఏట. ఇందులో బ్యాంకు మోసమేమీ లేదు. బాకీ పెద్దదిగా ఉన్నన్నాళ్లు వడ్డీ పెద్దదిగానే ఉంటుంది, అంతే. అయిదారేళ్లకు ఫ్లాటు అమ్ముకుని వేరేచోటికి పోవచ్చులే అనుకునేవాళ్లు మాత్రం ఈ లెక్క ముందే చూసుకోవాలి.

అద్దె కట్టే బదులు ఈఎంఐ కడితే ఇల్లు మనదవుతుందని మీ మామగారు అన్నారట. ఆ మాట సగమే నిజం. నీవు ఇప్పుడు బెంజి సర్కిల్ దగ్గర 15 వేలు అద్దె ఇస్తున్నావు. ఇకపై నెలకు 28 వేల చిల్లర బ్యాంకు డబ్బుకు అద్దె ఇస్తావు, ఇంటి కోసం దాచేది ఆరు వేల చిల్లర. ఇంటి అద్దె ఏటా పెరుగుతుంది, బ్యాంకుకు పోయే వడ్డీ ఏటా తగ్గుతుంది కాబట్టి పదేళ్ల తరువాత ఈ తూకం మారుతుందన్నది ఒప్పుకుంటాను. 20 ఏళ్ల తరువాత ఇచ్చే రూపాయికి నేటి రూపాయి విలువ ఉండదన్నదీ నిజమే. అందుకే 83 లక్షలు అనగానే బెదిరి ఇల్లు మానుకోమని నేను చెప్పడం లేదు. సొంత ఇల్లు కావాలనుకుంటే కొనుక్కో. లాభసాటి బేరమని నమ్మి మాత్రం కొనవద్దు.

ఇక గడువు మాట. నీ చేతిలో నిజంగా ఉన్న తాళంచెవి ఇదొక్కటే కాబట్టి కొంచెం నిదానంగా చదువు. ఇదే 40 లక్షలు, ఇదే రేటు మీద 15 ఏళ్లకు తీసుకుంటే కంతు 39,390 అవుతుంది, మొత్తం చెల్లింపు 70 లక్షల 90 వేలు. అంటే నెలకు 4,677 రూపాయలు ఎక్కువ కట్టడానికి ఒప్పుకుంటే 12 లక్షల 40 వేలు మిగులుతాయి. అదే 30 ఏళ్లకు సాగదీస్తే కంతు 30,757కు దిగుతుంది గాని మొత్తం ఒక కోటి 10 లక్షల 72 వేలు దాటుతుంది. నెలకు నాలుగు వేలు కూడా తగ్గలేదు, పైన 27 లక్షలు పెరిగింది. లోను కౌంటరులో కూర్చున్న కుర్రాడు నీ మేలు కోరే గడువు పెంచుదామంటాడు, ఎందుకంటే కంతు తగ్గితే నీ అర్హత పెరుగుతుంది. ఆ మేలు ఖరీదు మాత్రం అతను చెప్పడు. నీకిప్పుడు 34 ఏళ్లు. 20 ఏళ్లంటే పాప ఇంజనీరింగు చదువు, బహుశా పెళ్లి కూడా ఈ కంతుల నడుమే వస్తాయి.

గడువు గురించి ఇంత పట్టుగా చెప్పడానికి కారణముంది. 2005లో ఈ బ్రాడీపేట ఇంటికి మేము ఒక బ్యాంకులో 8 లక్షలు తీసుకున్నాం. 15 ఏళ్లు, మారే వడ్డీ, అప్పటికి 7.5 శాతం, నెలకు 7,416 రూపాయలు. రెండేళ్ల తరువాత ఆదాయపు పన్ను కోసం వడ్డీ సర్టిఫికెట్టు తెచ్చుకుందామని వెళితే, కౌంటరులోని అమ్మాయి చుక్కల అక్షరాల ప్రింటరు మీద ఒక పొడుగు కాగితం తీసి చేతికిచ్చింది. కంతు మారలేదు, అదే 7,416. దాని పక్కన రేటు 10.5 అని ఉంది. అడుగున మిగిలిన కంతులు 235 అని ఉంది. 180 కంతులకు సంతకం పెట్టి, 24 కట్టి వచ్చిన మనిషికి మిగలవలసినవి 156. ఆ కాగితం పట్టుకుని బల్ల మీద కూర్చుని మూడుసార్లు లెక్కవేశాను. యంత్రం లెక్క తప్పలేదు. వడ్డీ పెరిగినప్పుడు కంతు పెంచకుండా గడువు పెంచారు, మాకు ఉత్తరం ముక్క రాలేదు, నెలనెలా కోత అదే గనుక మేమూ చూసుకోలేదు. ఊరందరి బాకీలు లెడ్జరులో రాసిన నేను నా బాకీ చూసుకోకపోవడం ఎవరికి చెప్పుకోను! మీ పెదనాన్నగారి ఉద్యోగ విరమణ 2019లో ఉంటే కంతులు 2026 దాకా పోతున్నాయి. మరుసటి నెల నుంచే కంతు పెంచమని దరఖాస్తు ఇచ్చి, ఏటా వచ్చే బోనసును దానికే కట్టి, ఆయన దిగిపోయే లోపల బయటపడ్డాం.

అప్పటి నుంచి ఇప్పటికి రూల్సు కొంత మెరుగయ్యాయి. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే మారే వడ్డీ గృహరుణాలను రెపో రేటు (రిజర్వు బ్యాంకు తాను బ్యాంకులకిచ్చే అప్పు మీద వేసే వడ్డీ) వంటి బయటి కొలమానానికి ముడిపెట్టాలని, కనీసం మూడు నెలలకొకసారి సవరించాలని రిజర్వు బ్యాంకు ఆదేశించింది. దానివల్ల రెపో తగ్గితే నీ వడ్డీ తగ్గుతుంది, పెరిగితే అంతే వేగంగా పెరుగుతుంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రెపో 4 శాతం నుంచి 6.50కి ఎక్కింది. ఆ దెబ్బ ఎంతటిదంటే, 6.75 శాతం మీద 20 ఏళ్లకు 40 లక్షలు తీసుకున్నవాడి కంతు 30,415, 9.25 శాతమైతే ఆ 40 లక్షల మీద నెల వడ్డీయే 30,833. అంటే పాత కంతు వడ్డీకే చాలదు, కట్టినకొద్దీ బాకీ పెరుగుతుంది. ఇటువంటివి చూసిన తరువాతే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు, రేటు మారినప్పుడు కంతు పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత చేసుకోవాలా అన్న ఎంపిక అప్పు తీసుకున్నవారికే ఇవ్వాలని చెప్పింది. నీకు అటువంటి సందేశం వస్తే, శక్తి ఉన్నంతవరకు కంతు పెంచమనే రాసి ఇవ్వు. 2025లో ఫిబ్రవరి, ఏప్రిల్, జూన్ నెలల్లో జరిగినట్టు రెపో దిగి వచ్చినప్పుడు కంతు తగ్గించమని అడగకు. పాత కంతే కడుతూ ఉంటే గడువు దానంతటదే కరుగుతుంది. మరొక బ్యాంకు ఏడాదికి పావు శాతం తక్కువకు ఇస్తానంటే అప్పు అక్కడికి మార్చుకోవచ్చు, మార్చేటప్పుడు మళ్లీ 20 ఏళ్లు మొదలుపెట్టకు.

ముందస్తుగా కట్టడం గురించి అడిగావు. వ్యక్తులు తీసుకున్న మారే వడ్డీ గృహరుణాన్ని ముందుగా తీర్చినందుకు బ్యాంకు జరిమానా వేయకూడదు. స్థిర వడ్డీ అయితే ఆ షరతు ఏమిటో కాగితంలో చూసుకోవాలి. కట్టదలిస్తే తొలి ఏళ్లలోనే కట్టు. మొదటి ఏడు ముగిశాక ఒక లక్ష అదనంగా కట్టి కంతు మార్చకుండా ఉంచితే చివర దాదాపు 14 కంతులు ఎగిరిపోతాయి, వడ్డీలో 3 లక్షల 78 వేలు మిగులుతాయి. అదే లక్ష పదిహేనో ఏట కడితే తగ్గేవి నాలుగు కంతుల చిల్లర, మిగిలేది 50 వేల పైచిలుకు. ఆ సొమ్మును అసలుకు జమకట్టి గడువు తగ్గించమని స్పష్టంగా రాసి ఇవ్వు, లేకపోతే కంతు తగ్గించి ఊరుకుంటారు. అలాగని చేతిలో ఉన్నదంతా ఊడ్చి పోయవద్దు; ఆరు నెలల ఇంటి ఖర్చు, కంతులతో సహా, పక్కన ఉంచుకున్న తరువాతే ఈ పని.

లోను కాగితాల్లో కనబడని ఖర్చులు కొన్ని ఉన్నాయి. ఫ్లాటు ధర 50 లక్షలన్నావు. అప్పు 30 లక్షలు దాటి 75 లక్షల లోపు ఉంటే బ్యాంకు విలువలో 80 శాతం మించి ఇవ్వదు, స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషను ఖర్చు ఆ విలువలో కలపరు. మన రాష్ట్రంలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషను రుసుము కలిపి ఏడున్నర శాతం, అంటే 3 లక్షల 75 వేలు. నీవు చేతి నుంచి పెట్టే 10 లక్షలు, ఈ రిజిస్ట్రేషను ఖర్చు, కంతులు కూడితే 50 లక్షల ఫ్లాటు 97 లక్షలకు పడుతున్నది. ఆ 3 లక్షల 75 వేల కోసం మీ ఆవిడ నగలు తాకట్టు పెడితే దాని వడ్డీ వేరే. ఇంకొకటి జాగ్రత్తగా చూడు: అప్పుతో పాటు బీమా ఒకటి అంటగట్టి, దాని ప్రీమియం అప్పులో కలిపేస్తారు. లక్షా ఇరవై వేల ప్రీమియం అలా కలిస్తే 20 ఏళ్లలో దానికి నీవు రెండున్నర లక్షలు కడతావు. బీమా ఉండాలి, తప్పకుండా ఉండాలి. విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కట్టుకో. 2024 అక్టోబరు 1 నుంచి ఈ రుసుములన్నీ కలుపుకుని ఏడాదికి పడే అసలైన రేటు ఎంతో చెప్పే వివరాల పత్రం బ్యాంకు ఇచ్చి తీరాలి. సంతకానికి ముందే అది అడుగు.

పన్ను మిగులుతుంది కదా అని ఎవరో ఒకరు అంటారు. కొత్త పన్ను విధానంలో ఉంటే సొంతంగా నివసించే ఇంటి వడ్డీకి మినహాయింపే లేదు. పాత విధానంలో ఏడాదికి 2 లక్షల వరకే. మొదటి ఏడు నీవు కట్టే వడ్డీ 3 లక్షల 37 వేలు. ఇల్లు, అప్పు ఇద్దరి పేరునా ఉంటే ఇద్దరికీ విడివిడిగా వస్తుంది గాని, దాని కోసం పాత విధానంలో ఉండటం మీకు కలిసివస్తుందో లేదో మీ ఆడిటరునే అడగాలి.

ఎప్పుడో తీరే అప్పు గురించి ఇప్పుడే చెప్పడం తొందర అనుకోకు: పూర్తిగా కట్టిన 30 రోజుల్లోపు ఒరిజినల్ దస్తావేజులు తిరిగి ఇవ్వాలి, బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున నీకు చెల్లించాలి. తనఖా రద్దయినట్టు ఈసీలో, అంటే ఆస్తి మీద ఉన్న తనఖాలు, లావాదేవీలు చూపే రిజిస్ట్రేషను ఆఫీసు పత్రంలో, ఎక్కిందో లేదో కూడా చూసుకోవాలి. మా ఈసీలో ఎక్కించుకోవడానికి మూడుసార్లు తిరిగాను.

ఆదివారం మీ అమ్మతో కలిసి వస్తానన్నావు కదా, మంజూరు పత్రం జిరాక్సు, నెలవారీ అసలు వడ్డీల పట్టిక వెంట తీసుకురా. పట్టిక ఇవ్వలేదంటే మళ్లీ బ్యాంకుకు వెళ్లి అడిగి తెచ్చుకో. 15 ఏళ్ల కంతు మీ జీతాలకు ఆనుతుందో లేదో పాప స్కూలు ఫీజులతో సహా కూర్చుని రాద్దాం. 2007 నాటి ఆ పొడుగు కాగితం బీరువాలోనే ఉంది, తీసి ఉంచుతాను.

ఇట్లు,
మీ పెద్దమ్మ