కంపెనీ పేరు మార్చాలంటే ముందు ఇంట్లోవాళ్లతో మాట్లాడండి

కర్నూలు నుంచి మీరు అడిగింది ఇది: కుటుంబంలోనే నలుగురు వాటాదారులున్న ప్రైవేట్ లిమిటెడ్ కంపెనీకి చట్టప్రకారం పేరు మార్చాలంటే ఏం చేయాలి, పాన్, జీఎస్టీ అన్నీ మళ్లీ కొత్తగా తీసుకోవాలా అని.

రెండో దానికి జవాబు సులువు. పాన్ నంబరు మారదు, జీఎస్టీ నంబరు మారదు. మారేది పేరొక్కటే అయితే సీఐఎన్, అంటే కంపెనీ గుర్తింపు నంబరు, కూడా మారదు. కంపెనీ అదే కంపెనీ. అప్పులు, ఆస్తులు, ఒప్పందాలు, కోర్టు కేసులు అన్నీ కొత్త పేరుతో అలాగే కొనసాగుతాయి. ఫారాల సంగతి కింద రాస్తాను. మీ ప్రశ్నలో నాకు ముందు కనబడింది మాత్రం "కుటుంబంలోనే నలుగురు" అన్న మాట. ఇంటి కంపెనీల్లో పేరు మార్పు ఆగేది కంపెనీల రిజిస్ట్రార్ ఆఫీసులో కాదు, నడింట్లో. ఈ విషయంలో నాకు ఏ అనుమానమూ లేదు.

మాది అనంతపురం. మా అబ్బ, అంటే మా నాయనకు నాయన, బుడ్డల, అంటే వేరుశనగ, నూనె మిల్లు పెట్టాడు. తర్వాత దాన్ని ప్రైవేట్ లిమిటెడ్ చేసినప్పుడు ఆయన పేరే పెట్టి, వెనక ఆయిల్ మిల్స్ అని తగిలించారు. నూనె తీయడం మానేసి చాలా ఏళ్లయింది. ఇప్పుడు మేము చేసేది చిక్కీలు, వేయించిన పప్పు, బెంగళూరు దుకాణాలకు వెళ్లే పొట్లాలు. కొత్తగా సరుకు అడిగేవాళ్లు మా కొటేషన్ చూసి "నూనె డబ్బా ఎంతకిస్తారు?" అని ఫోన్ చేసేవాళ్లు. అందుకని పేరు మార్చాలని నాయనా నేనూ అనుకున్నాం.

2013 కంపెనీల చట్టం 13వ సెక్షన్ ప్రకారం పేరు మార్పుకు ప్రత్యేక తీర్మానం కావాలి. మామూలు తీర్మానంలా సగం దాటితే సరిపోదు. వ్యతిరేకంగా పడిన ఓట్లకు కనీసం మూడు రెట్లు అనుకూలంగా పడాలి. మాలో నాయనా నేనూ కలిపి 68 శాతం, చిన్నాయన, ఆయన కొడుకు కలిపి 32 శాతం. ఈ లెక్క ఒక్కసారి చూస్తే చాలు, చిన్నాయన వద్దంటే పేరు మారదు.

నోటీసు తయారుచేసే పని ఒక కన్సల్టెంట్‌కు అప్పజెప్పాం. పేరు మార్పు ప్యాకేజీ అని ఒక రేటు చెప్పి, ఎవరికో రాసిన కాగితంలో పేర్లు మార్చి మా వాటాదారులకు రిజిస్టర్ పోస్టులో పంపేశాడు. ఈ ప్యాకేజీల మీద నాకు చెప్పలేనంత కోపం. తీర్మానం ఎందుకో వివరిస్తూ నోటీసుకు ఒక వివరణ జతచేయాలని చట్టంలోనే ఉంది. వాటాదారుడు చదివి ఆలోచించుకోవడానికే కదా అది. దాన్ని ఎవరూ చదవరన్న ధీమాతో రాస్తారు.

మా చిన్నాయన చదివాడు. పొద్దున పాకం దించి, పళ్లెంలో పరిచి, వేడి మీదే కత్తితో గీతలు పెడుతున్న సమయంలో కవరు పట్టుకుని షెడ్డులోకి వచ్చాడు. ఎవరితోనూ మాట్లాడకుండా దాన్ని కాటా మీద పెట్టాడు.

"ఏం పాపా, పక్క వీధిలో ఉండే చిన్నాయనకు పోస్టులో చెప్తారా?" అన్నాడు.

నోటీసు అలాగే ఇవ్వాలి, రుజువు ఉండాలి చిన్నాయనా అన్నాను. ఆయన కాగితం తీసి, వేలు పెట్టి ఒక వాక్యం చూపించాడు. "ప్రస్తుత పేరు వ్యాపార అభివృద్ధికి అనువుగా లేనందున" అని ఉంది.

"మా నాయన పేరు అనువుగా లేదా? రైతులు అప్పుకు కాయలు తోలింది ఆ పేరు చూసే కదా. ఈ పొద్దు అది మీకు అడ్డమైందా?"

పని చేస్తున్నవాళ్లంతా చేతులాపి చూస్తున్నారు. పాకం గట్టిపడుతోంది, ఎవరో ఒకరు గీతలు పెట్టకపోతే ఆ పళ్లెం పొడి కింద పోవాల్సిందే. చిన్నాయనే గమనించి, కత్తి తీసుకుని ఆ పళ్లెమంతా కోసేసి, చెయ్యి కడుక్కుని వెళ్లిపోయాడు.

అప్పటికే మేము కొత్త పేరును రిజిస్ట్రార్ దగ్గర రిజర్వ్ చేయించి ఉన్నాం. అసలు టెన్షన్ అక్కడ మొదలైంది. పేరు మార్పు కోసం ఆమోదించిన పేరు 60 రోజులే మన చేతిలో ఉంటుంది. వాటాదారుల సమావేశానికి 21 పూర్తి రోజుల ముందు నోటీసు ఇవ్వాలి. వివరణ మార్చి మళ్లీ నోటీసు పంపితే మళ్లీ 21 రోజులు. అంతకన్నా తక్కువ వ్యవధిలో సమావేశం పెట్టుకోవచ్చు గానీ, సభ్యుల్లో ఎక్కువమంది, అదీ 95 శాతం వాటా ఉన్నవాళ్లు, రాతపూర్వకంగా ఒప్పుకోవాలి. ఎటు తిరిగినా దారి చిన్నాయన ఇంటి ముందుకే వస్తుంది.

సాయంత్రం నాయనా నేనూ వెళ్లాం. నాయన ఏమీ మాట్లాడలేదు. నేను చట్టంలో 12వ సెక్షన్ ప్రింటు తీసుకెళ్లి చదివి వినిపించాను. పేరు మార్చుకున్న కంపెనీ, మార్చుకున్నాక రెండేళ్ల పాటు కొత్త పేరుతో పాటు పాత పేరు కూడా బోర్డు మీద, లెటర్‌హెడ్ల మీద, బిల్లుల మీద వేయాల్సిందే. వేయకపోతే రోజుకు వెయ్యి రూపాయల చొప్పున లక్ష దాకా జరిమానా. అదే సెక్షన్‌లో ఇంకో మాట ఉంది, ఆఫీసు బయట బోర్డు ఇంగ్లీషులో ఉంటే, అక్కడి జనం వాడే భాష లిపిలో కూడా రాయాలి. మనకైతే తెలుగు. మా అనంతపురం రాజు రోడ్డు పొడుగునా ఎన్ని ప్రైవేట్ లిమిటెడ్ బోర్డులు ఉత్త ఇంగ్లీషులో వేలాడుతున్నాయో చూడండి. అద్దాల తలుపులకు వేలకు వేలు పోస్తారు, తెలుగు అక్షరాలకు మాత్రం చోటు దొరకదు. ఇది మర్యాద సంగతి కాదు, చట్టం.

చిన్నాయన అంతా విని, "పాత పేరు ఎంత అక్షరాల్లో రాయాలని ఉంది?" అని అడిగాడు. దానికి కొలత చెప్పలేదు అన్నాను. "అయితే రెండూ ఒకే కొలత. తెలుగులో. రాసేవాణ్ని నేను పిలుస్తా." తక్కువ వ్యవధి నోటీసుకు ఆయనా, ఆయన కొడుకూ ఆ రాత్రే సంతకాలు పెట్టారు. వివరణలోని ఆ వాక్యం తీసేసి, ఇప్పుడు చేసే వ్యాపారం నూనె కాదు కాబట్టి అని ఉన్నదున్నట్టు రాశాం. ఓటు ఒక్కటీ వ్యతిరేకంగా పడలేదు. బోర్డు చిన్నాయన చెప్పినట్టే రాయించాం. రెండేళ్ల గడువు దాటినా "పూర్వపు పేరు" అన్న వరుస అలాగే ఉంచాం. తీసేయమని చట్టం ఎక్కడా అనలేదు.

ఇక ఫారాలు. ముందు బోర్డు సమావేశం పెట్టి తీర్మానం చేయండి. తర్వాత కంపెనీ వ్యవహారాల మంత్రిత్వ శాఖ (ఎంసీఏ) పోర్టల్‌లో రన్ అనే పేరు రిజర్వేషన్ సేవ ద్వారా పేరు అడగాలి. రుసుము వెయ్యి రూపాయలు, రెండు పేర్లు ఇవ్వచ్చు. ఉన్న కంపెనీ పేరుకు చివర ఎస్ చేర్చినా, ముందు న్యూ అని పెట్టినా, ఊరి పేరు తగిలించినా వేరే పేరు కింద లెక్క కాదు. పేరు ఆమోదమయ్యాక వాటాదారుల అసాధారణ సమావేశంలో ప్రత్యేక తీర్మానం. తీర్మానమైన 30 రోజుల్లో దాన్ని రిజిస్ట్రార్‌కు పంపే ఫారం ఎంజీటీ-14, దాంతో పాటు పేరు మార్పు దరఖాస్తు ఐఎన్‌సీ-24. మన రిజిస్ట్రార్ ఆఫీసు విజయవాడలో ఉంది గానీ పని అంతా ఆన్‌లైనే, డైరెక్టరు డిజిటల్ సంతకం గడువు తీరలేదని మాత్రం ముందే చూసుకోండి. అంతా సరిగా ఉంటే కొత్త పేరుతో ఇన్‌కార్పొరేషన్ సర్టిఫికెట్ ఇస్తారు. అది చేతికొచ్చిన రోజు నుంచే పేరు మారినట్టు. దానికి ముందు కొత్త పేరుతో ఒక్క బిల్లు కూడా కొట్టకండి.

వార్షిక రిటర్నులు, ఆర్థిక నివేదికలు దాఖలు చేయకుండా బాకీ పెట్టిన కంపెనీకి పేరు మార్పు ఇవ్వరు, ముందు అవి పూర్తి చేయాలి. కొత్త పేరు కొత్త వ్యాపారాన్ని సూచిస్తుంటే మెమోరాండంలో (కంపెనీ మూల పత్రంలో) ఏ వ్యాపారాలు చేస్తుందో చెప్పే లక్ష్యాల క్లాజు కూడా మార్చాల్సి వస్తుంది. మా మెమోరాండంలో తినుబండారాలు మొదటి నుంచీ ఉన్నాయి కాబట్టి మాకు ఆ పని తప్పింది.

ట్రేడ్‌మార్క్ సంగతి చాలామంది పట్టించుకోరు. రిజిస్ట్రార్ పేరు ఆమోదించినంత మాత్రాన ఆ పేరు మీద మీకు ట్రేడ్‌మార్క్ హక్కు రాదు. ఆ గుర్తు ముందే రిజిస్టర్ చేసుకున్నవాళ్లు మీరు పేరు మార్చిన మూడేళ్ల లోపు కంపెనీ వ్యవహారాల శాఖ రీజినల్ డైరెక్టరుకు ఫిర్యాదు చేయవచ్చు. ఆదేశం వస్తే మూడు నెలల్లో మళ్లీ పేరు మార్చాలి, మార్చకపోతే ప్రభుత్వమే అక్షరాలూ అంకెలూ కలిపి ఒక పేరు అంటగడుతుంది. ట్రేడ్‌మార్క్ రిజిస్ట్రీ సైట్‌లో ఎవరైనా ఉచితంగా వెతుక్కోవచ్చు. చిక్కీ అయితే 30వ క్లాసు, వేయించిన పప్పు అయితే 29. మీ సరుకుది ఏ క్లాసో చూసి వెతకండి.

సర్టిఫికెట్ వచ్చిన రోజే పాన్‌లో పేరు మార్పుకు పెట్టేయండి. జీఎస్టీ పోర్టల్ పాన్‌లో ఉన్న పేరునే చూస్తుంది, అక్కడేమో 15 రోజుల్లో దరఖాస్తు చేయాలి. టాన్ (టీడీఎస్ నంబరు), ఫుడ్ లైసెన్సు, ఉద్యం (చిన్న పరిశ్రమల నమోదు), కరెంటు మీటరు, బండ్ల ఆర్సీలు ఆ తర్వాత ఒక్కోటీ. బ్యాంకులో లోన్ ఉంటే అసలు మొదలుపెట్టక ముందే ఒప్పందం తీసి చదవండి. పేరు మార్పుకు ముందుగా బ్యాంకు సమ్మతి తీసుకోవాలనే షరతు చాలా వాటిలో ఉంటుంది.

మా బ్రాంచిలో అయితే "కొత్త కంపెనీ కదా, ఈ అకౌంటు మూసేసి కొత్తది తెరవండి" అన్నారు. పాత సర్టిఫికెట్, కొత్త సర్టిఫికెట్ పక్కపక్కన పెట్టి, రెండింటి మీదా ఉన్న ఒకే సీఐఎన్ చూపించి, కొత్త కంపెనీ కాదని రాతపూర్వకంగా ఇచ్చాక గానీ పేరు మార్చలేదు. రోజూ కంపెనీలతో వ్యవహరించేవాళ్లకు ఇది తెలియకపోవడం అన్యాయం. మీకూ అదే మాట చెప్తే అకౌంటు మూయకండి. చెక్కులు, ఈఎంఐలు, రావలసిన డబ్బులు అన్నీ దాంట్లోనే ముడిపడి ఉంటాయి.

మీ నలుగురిలో ఎవరి పేరున ఎంత శాతం ఉందో, లోన్ ఉందో లేదో కింద రాయండి. పావు వంతు కన్నా ఎక్కువ ఉన్నవాళ్లు ఎవరైనా ఈ మార్పు గురించి ఇంకా వినకపోతే, రన్‌లో వెయ్యి రూపాయలు కట్టక ముందే వాళ్లింటికి వెళ్లి రండి.