బెల్లం కొమ్ములు మర్నాటికే మెత్తబడితే: సోడా కాదు, పాకం చూసుకోండి

శెనగపిండిని వేలెడేసి ముక్కలుగా చేసి వేయించి, బెల్లం పాకం పట్టించే మిఠాయే కొమ్ములు. అవి వేయించినప్పుడు కరకరలాడుతున్నాయి, బెల్లం పాకంలో కలిపి డబ్బాకెత్తితే తెల్లారేసరికి మెత్తబడి ఒకదానికొకటి అంటుకుపోతున్నాయి, పిండిలో వంటసోడా పెంచమంటారా అని అడిగారు. వద్దండీ. సోడా ఎక్కువైతే కొమ్ము నూనె పీలుస్తుంది, మూకుట్లోనే విరుగుతుంది, శెనగపిండి లోపల వేగకముందే పైన ఎర్రబడిపోతుంది. వేగాక కరకరలాడాయంటే మీ పిండి దాదాపు బాగున్నట్టే. తేడా పాకం దగ్గరే వస్తోంది.

మాది విజయనగరం. పైడితల్లి సిరిమాను పండక్కి గానీ, చుట్టుపక్కల ఊళ్ళ తీర్థాలకి గానీ వెళ్తే జీళ్ళు, ఖర్జూరం పక్కన కొమ్ములు గుట్టలుగా పోసి అమ్ముతారు. పొద్దుటి నుంచి మూతా ముచ్చటా లేకుండా ఉన్నా చేతికి అంటుకోవు. అందులో మాయేమీ లేదు, పాకం గట్టిగా పడతారు. ఇంట్లో మనం పళ్ళకి గట్టిగా తగులుతాయేమోనని అరిసెల పాకం దగ్గరే దించేస్తాం. అరిసెలకి మెత్తటి ఉండ వస్తే చాలు, ఎందుకంటే పిండి కలిపాక వాటిని మళ్ళీ నూనెలో వేయిస్తాం. కొమ్ములకి పట్టించిన పాకం ఇంక పొయ్యి ఎక్కదు కదా. అందులో మిగిలిన నీరంతా రాత్రికి రాత్రి కొమ్ములోకి దిగుతుంది. మీకు జరుగుతున్నది అదే.

నా కొలత చెప్తాను. రెండు గ్లాసుల శెనగపిండికి అర గ్లాసు బియ్యప్పిండి, చిటికెడు ఉప్పు, రెండు మూడు చెంచాల కాగిన నూనె. నూనె పిండికంతా పట్టేలా నలిపి పిడికిలి బిగిస్తే ముద్దగా నిలబడాలి, వేలితో నొక్కితే రాలిపోవాలి. ఆ తర్వాతే నీళ్ళు, అదీ చిలకరిస్తూ. జంతికల పిండి కంటే పిసరంత గట్టిగా ఉండాలి. గొట్టంలో ఒంటి చిల్లు బిళ్ళ వేసి పళ్ళెం మీద పొడుగ్గా ఒత్తి, వేలెడేసి ముక్కలు కోసుకోండి. గొట్టం లేకపోతే పీట మీద అరచేత్తో దొర్లించుకోవచ్చు, కాకపోతే అన్నీ ఒకే లావున రావాలి. లేదంటే సన్నవి మాడేలోపు లావువి వేగవు.

వేయించేటప్పుడు రంగు కంటే నురుగుని చూడండి. మధ్యరకం మంట మీద వేయగానే బుసబుసా పొంగుతుంది. పిండిలో నీరు పోయేకొద్దీ బుడగలు సన్నబడి, నూనె చప్పుడు తగ్గిపోతుంది. అప్పుడొకటి తీసి నడిమికి విరవండి. మధ్యలో పచ్చిగా, తడిగా గీత కనిపించిందంటే ఇంకాసేపు వేగాలి. పైన కరకరలాడినా లోపల ఆ గీత ఉంటే మర్నాటికి మెత్తబడటం ఖాయం, కాబట్టి మీ కొమ్ములు కూడా ఒకసారి విరిచి చూసుకోండి. తీశాక పూర్తిగా చల్లారనివ్వండి. వేడివేడిగా పాకంలో పడేస్తే ఆ ఆవిరి పాకం పూత కింద ఇరుక్కుంటుంది.

ఇక పాకం. పైన చెప్పిన పిండికి గ్లాసున్నర బెల్లం తురుము, పావు గ్లాసు నీళ్ళు, రెండు పెద్ద చెంచాల పంచదార. బెల్లం కరగగానే వడకట్టండి, ఎంత మంచి బెల్లమైనా అడుగున ఇసుక నలకలుంటాయి. బెల్లం అనగానే మా వైపు అనకాపల్లి బెల్లమే. ఎక్కడి బెల్లమైనా తెల్లగా మెరవడానికి హైడ్రోసు అనే రసాయనం కలిపేవాళ్ళున్నారు కాబట్టి మరీ తెల్లటిది నేను కొనను. అలాగని నల్లగా జిగురు కారే బెల్లం కూడా కొమ్ములకి పనికిరాదు, ఎంత ముదిరినా బంకగానే ఉంటుంది.

పంచదార ఎందుకంటారా? బెల్లంలో గ్లూకోజు, ఫ్రక్టోజు కూడా కొంత ఉంటాయి. వాటికి గాల్లో తేమని లాక్కునే గుణం ఉంది, పాకాన్ని పలుకు కట్టనివ్వవు, అంటే రవ్వరవ్వగా గట్టిపడనివ్వవు. కాస్త పంచదార పడితే త్వరగా పలుకు కడుతుంది. ఇక్కడే చాలామంది, పాకం గడ్డకట్టకుండా నిమ్మరసం పిండమని సలహా ఇస్తారు. కాజాలకి, గులాబ్ జామూన్లకి ఆ మాట నిజమే, అక్కడ పాకం పాకంలాగే ఉండాలి. కొమ్ములకి మనకి కావలసింది గడ్డకట్టడమే! నిమ్మకాయ జోలికి వెళ్ళకండి.

మంట తగ్గించి, గిన్నెడు చన్నీళ్ళు పక్కన పెట్టుకుని చుక్క చుక్కగా వేసి చూస్తుండండి. మొదట నీళ్ళలో పరుచుకుపోతుంది. తర్వాత మెత్తటి ఉండ వస్తుంది, అది అరిసెలకి. ఇంకాస్త ఆగితే గట్టి ఉండ అవుతుంది, పళ్ళేనికేసి కొడితే టక్కుమంటుంది. అదే మనకి కావాలి. విరిస్తే పుటుక్కున పగిలిందంటే వేరుశెనగ అచ్చుల పాకమైపోయింది, కొమ్ములు రాళ్ళవుతాయి. మిఠాయిల థర్మామీటరు ఉంటే 120 నుంచి 125 డిగ్రీల సెల్సియస్ మధ్య ఆపేయండి. చివర్లో పాకం చకచకా ముదిరిపోతుంది, ఫోను మోగినా ఎత్తకండి.

పొయ్యి కట్టేసి ఏలకుల పొడి, ఇష్టముంటే చిటికెడు శొంఠి వేసి, కొమ్ములు పోసి రెండు గరిటెలతో అడుగు నుంచి పైకి తిప్పుతూ ఉండండి. మొదట తళతళా మెరుస్తూ తీగలు సాగుతాయి. చాలామంది అయిపోయిందనుకుని అక్కడే పళ్ళెంలో పోసేస్తారు. ఆపొద్దు. తిప్పుతూనే ఉంటే ఆ మెరుపు పోయి, పైపూత పాలిపోయినట్టు మసకబారుతుంది. గరిటె తగిలితే గలగలమని చప్పుడొస్తుంది. అప్పుడే పళ్ళెంలో పరిచి, అంటుకున్నవాటిని విడదీయండి. బాగా చల్లారాకే డబ్బాకెత్తండి. ముసురు పట్టిన రోజున మాత్రం చేయకపోవడమే మేలు.

పాకం పట్టడమే బెంగ అయితే మహారాష్ట్ర వాళ్ళు దీపావళికి చేసే శంకర్‌పాళీ చేసుకోండి. పాలలో పంచదార, నెయ్యి కరిగించి, చల్లారాక మైదా కలిపి, చపాతీలా ఒత్తి కోసి వేయించడమే. పాకం గొడవ లేదు. పిల్లలు ఇష్టంగా తింటారు. నాకు మాత్రం శెనగపిండి, బెల్లం కలిసిన రుచి ముందు అవి ఆనవు.

ఇప్పుడు మీ దగ్గర మెత్తబడినవి ఉంటే పారేయకండి. మందపాటి మూకుట్లో సన్న సెగ మీద కలుపుతూ ఉంటే పాకం కరిగి మళ్ళీ ముదురుతుంది. మెరుపు పోయేదాకా తిప్పి దించండి. లోపల పచ్చిగా ఉండిపోయినవైతే మాత్రం ఆ పూటే తినేయాల్సిందే.