పాత సీ పుస్తకం పనికొస్తుందా?

ప్రశ్న: టర్బో సీ అనే పాత సాఫ్ట్‌వేర్ కాలంలో మా అన్నయ్య చదివిన సీ ప్రోగ్రామింగ్ భాష పుస్తకం ఇంట్లో ఉంది. దానితో ఇప్పుడు నేర్చుకోవచ్చా?
– ఒక డిగ్రీ విద్యార్థిని, ఏలూరు

జవాబు: నిశ్చింతగా నేర్చుకోండమ్మా. పాయింటర్లు (మెమరీ చిరునామాలు దాచేవి), అరేలు (ఒకే రకం విలువల వరుసలు) ఈనాటికీ అలాగే ఉన్నాయి కనుక, కాగితం మీద మెమరీ గళ్లు గీసి, ఏ గడిలో ఏ విలువ ఉందో, ఏ గడి చిరునామా ఎక్కడ దాచామో రాసుకుంటూ ఆ అధ్యాయాలను నిదానంగా చదవండి. సీ భాషకు ప్రాణం అక్కడే ఉంది. అయితే ‘కోనియో’ (conio.h) హెడర్‌ను, తెరను తుడిచే ‘క్లియర్‌స్క్రీన్’ (clrscr) పిలుపును తీసేసి, ‘వాయిడ్ మెయిన్’కు బదులు ‘ఇంట్ మెయిన్’ అని రాస్తేనే ప్రోగ్రామ్‌ను యంత్రభాషలోకి మార్చే నేటి కంపైలర్ జీసీసీతో ఇబ్బంది ఉండదు. టర్బో సీలో పూర్ణాంకాలు దాచే ‘ఇంట్’ 2 బైట్లే కావడంతో 32,767 దాటితే లెక్క తప్పేది. నేటి కంప్యూటర్లలో సాధారణంగా 4 బైట్లు. టైప్ చేసిన వాక్యాన్ని చదివే ‘గెట్స్’ను మాత్రం వాడవద్దు. ఇన్‌పుట్ పొడవు చూసుకోకుండా పక్క మెమరీని పాడుచేసే ఆ ఫంక్షన్‌ను 2011 నాటి సీ భాష ప్రమాణంలో తొలగించారు. దాని స్థానంలో ‘ఎఫ్‌గెట్స్’ వాడండి.