బీరువా సంగతి అత్తగారిని అడగాల్సింది ఎవరు?

ఇల్లు అమ్ముతున్నారు. కొనేవాళ్లు ‘సామానుతో సహా ఇచ్చేయండి’ అంటే మీవారు అక్కడికక్కడే సరేనన్నారు. ఏవి వదలాలి, ఏవి తీసుకెళ్లాలి, పాత బీరువా వదలనంటున్న అత్తగారికి ఎలా నచ్చజెప్పాలి అని అడిగారు.

మొదటిదానికి పెద్ద ఆలోచన అక్కర్లేదమ్మా. గోడకు బిగించినవి, తీస్తే పెచ్చులూడేవి ఇంటితోనే ఉంచండి. వంటగది అరలు, కర్టెన్ రాడ్లు, గీజరు లాంటివి ఇంట్లో భాగమనే కొనేవాళ్లు అనుకుంటారు. పార్టికల్ బోర్డు వార్డ్‌రోబ్ విప్పి మళ్లీ బిగిస్తే స్క్రూలు పట్టవు, దానిమీద ఆశ వదులుకోండి. సోఫా కొత్తింటి గుమ్మంలో పడుతుందో లేదో టేపు పెట్టి కొలవండి. వదిలేవన్నీ పేరుపేరునా అగ్రిమెంటులో రాయించండి. నోటిమాట మీద వదిలితే తాళాలిచ్చే రోజు ఫ్యాన్ల దగ్గర గొడవొస్తుంది.

నన్ను పట్టుకున్నది వేరే సంగతి. ఆ బీరువా తాళం ఏనాడో పాడైందని, అయినా అత్తగారు తాళంచెవి దిండు కిందే పెట్టుకుంటారని మాటవరసకి రాశారు. మామగారు పోయాక ఈ ఇంట్లో ఆవిడ ‘నాది’ అనేది ఆ ఒక్కదాన్నే. దాన్ని ఇచ్చేస్తానని పరాయివాళ్లకు మాటిచ్చిన కొడుకు తల్లితో ఒక్క ముక్క చెప్పలేదు. ‘నువ్వే మెల్లగా చెప్పు’ అని మీమీదికి తోసేశారు, మీరూ తలకెత్తుకున్నారు. రేపు ఆవిడ మనసులో మిగిలేది ‘కోడలు నా బీరువా వదిలించింది’ అనే. మంచి కోడలు అనిపించుకోవాలని ఇలాంటివి నెత్తినేసుకుని, ఏళ్లు గడిచినా మాటలు పడుతున్నవాళ్లను చాలామందిని చూశాను.

ఆయనకు మొహమాటం ఎక్కువని వెనకేసుకొచ్చారు. కొనేవాళ్లతో కాదనలేక, తల్లితో అవుననిపించుకోలేక, మధ్యలో మిమ్మల్ని నిలబెట్టడాన్ని నేను మొహమాటం అనను. తల్లి వస్తువు గురించి తల్లిని అడగాల్సింది కొడుకే. ఇందులో నాకు రెండో మాట లేదు.

గొడవ పడమనడం లేదు. ‘అత్తయ్యని నేనడగను, మీరే అడగండి’ అనండి, చాలు. ఆయన అడిగేటప్పుడు పక్కనే కూర్చోండి, కానీ మాట అందించకండి. ఆవిడ వద్దంటే బీరువా మీతోపాటే వస్తుంది, దానికోసం మీ డ్రెస్సింగ్ టేబుల్ వదలాల్సి వచ్చినా సరే. సంతకాలు ఇంకా కాలేదన్నారు కదా. కొనేవాళ్లకు ఫోన్ చేసి ‘బీరువా ఇవ్వడం లేదండీ’ అని చెప్పే పని కూడా ఆయనదే.