పన్నెండో సీన్ గురించి

తమ్ముడూ,

నీ స్క్రిప్టు రెండుసార్లు చదివాను. మాటలు బాగా పడ్డాయి. దాంతోపాటు పంపిన ఉత్తరమే నచ్చలేదు. ఎడిటర్ దగ్గర అసిస్టెంటుగా రెండేళ్లు వృథా అయ్యాయని రాశావు చూడు, అది.

హిందీ డైరెక్టర్ హృషీకేశ్ ముఖర్జీ కలకత్తా న్యూ థియేటర్స్ స్టూడియోలో ఎడిటింగ్ నేర్చుకుని, డైరెక్టర్ బిమల్ రాయ్ వెంట బొంబాయి వెళ్లారు. 1953లో వచ్చిన 'దో బిఘా జమీన్'కి ఎడిటింగూ ఆయనదే, స్క్రీన్‌ప్లే కూడా ఆయనదే. డైరెక్టరుగా మొదటి సినిమా 'ముసాఫిర్' 1957లో గానీ రాలేదు. అదీ సరిగ్గా ఆడలేదు. డైరెక్టరయ్యాక కూడా 'మధుమతి'కి, మలయాళం 'చెమ్మీన్'కి ఎడిటింగ్ చేశారు. మన ఆదుర్తి సుబ్బారావుగారూ ఎడిటింగ్ గదిలోంచి వచ్చినవారే.

ఒకసారి హృషీకేశ్ ముఖర్జీ తీసిన 'ఆనంద్' (1971) మొదలు చూడు. డాక్టరు తన పేషెంటు ఆనంద్ గురించి రాసిన పుస్తకానికి బహుమతి ఇస్తున్న సభ. ఆనంద్ ఇక లేడని మనకి అక్కడే తెలిసిపోతుంది. నేనైతే ఆ చావుని ఆఖరి రీలు దాకా దాచిపెట్టి, అదే సస్పెన్స్ అనుకునేవాణ్ణి. ఆయన గుమ్మంలోనే చెప్పేశారు. ఇక బతుకుతాడా లేదా అన్న టెన్షన్ పోయింది. మనం అతని జోకులకి నవ్వుతాం, నవ్విన ప్రతిసారీ ఎక్కడో కలుక్కుమంటుంది. సరదాగా రికార్డు చేసుకున్న టేపులోంచి చివర్లో, అతను పోయాక, అతని గొంతే వినిపిస్తే ఏమవుతుందో నీకు తెలుసు. ఏ ముక్క ఎక్కడ పెట్టాలన్నది కూడా రాతే.

నాకిది తిట్లు తిని తెలిసింది. మద్రాసులో ఒక సినిమాకి, కొడుకు ఊరు విడిచి వెళ్లే సీన్ నాలుగు పేజీలు రాశాను. తల్లి ఏడుపు, తండ్రి నీతులు, బస్సు, కండక్టరు, అన్నీ. ఎడిటర్ అదంతా లేపేశాడు. తల్లి పెరుగన్నం గిన్నెకి గుడ్డ చుట్టి ముడి వేస్తుంది. ఆ చేతుల మీద కట్. లాడ్జి గదిలో కొడుకు అదే ముడి విప్పుతుంటాడు. గిన్నె మీద మూత పెట్టే చప్పుడు మాత్రం ఉంచాడు. నా నాలుగు పేజీలూ కత్తిరించిన ఫిల్ము ముక్కలై టేబుల్ పక్కన బుట్టలో వేలాడుతున్నాయి. వారం రోజులు ఆయనతో మాట్లాడలేదు. తర్వాత నేనే ఆయనకి టీ తీసుకెళ్లాను.

అయితే ఈ కత్తెర అలవాటు మితిమీరినా ప్రమాదమే. రాసేటప్పుడే అన్నీ కోసేస్తూ పోతే మనుషులకి ఊపిరాడదు. నీ ఐదో సీన్‌కి అదే జబ్బు, అక్కాచెల్లెళ్లని ఇంకాసేపు కూర్చోనివ్వు.

పన్నెండో సీన్ మాత్రం తలుపు కొట్టడం, కుశలప్రశ్నలు, కాఫీలు దాటాక గానీ మొదలవడం లేదు. అతను అప్పు కాగితం టేబుల్ మీద పెట్టిన దగ్గర్నుంచి మొదలుపెట్టి మళ్లీ రాయి. ఆదివారంలోగా పంపు. పాతది చింపేయకు, అందులో మంగలిషాపు గురించి తండ్రి అన్న మాట ఉంది. అది ఆరో సీన్‌లోకి పనికొస్తుంది.

ఆశీస్సులతో,
మీ అన్నయ్య