డాలెక్ డిజైన్ చేసినాయన కోటీశ్వరుడయ్యారా? బ్రిటిష్ టీవీలో ప్రొడక్షన్ డిజైనర్ కెరీర్ ఎలా ఉంటుంది?

కాలేదండీ. ముందు ఆ సంగతి చెప్పేసి మీ అసలు ప్రశ్నకి వస్తాను. మీరు ఆర్కిటెక్చర్ చదివారు, బ్రిటన్ వచ్చి టీవీ డ్రామాలకి సెట్లు డిజైన్ చేద్దామనుకుంటున్నారు. బీబీసీ సైన్స్ ఫిక్షన్ సీరియల్ 'డాక్టర్ హూ'లో విలన్లుగా వచ్చే గ్రహాంతరవాసులు డాలెక్‌లు, అలాంటిది ఒక్కటి తగిలితే జీవితానికి సరిపోతుంది కదా అని రాశారు. నేను కార్డిఫ్, బ్రిస్టల్ వైపు టీవీ డ్రామాల ఆర్ట్ డిపార్ట్‌మెంట్లలో చాలాకాలంగా పనిచేస్తున్నాను. డ్రాయింగులు గీయడంతో మొదలుపెట్టి ఇప్పుడు ఆర్ట్ డైరెక్టర్‌గా చేస్తున్నాను. మన సినిమాల్లో ఆర్ట్ డైరెక్టర్ అంటే వేరు. ఆ స్థాయి మనిషిని ఇక్కడ ప్రొడక్షన్ డిజైనర్ అంటారు. వాళ్లు ఊహించినదాన్ని బడ్జెట్‌లో, టైముకి కట్టించడం నాలాంటివాళ్ల పని.

డాలెక్ చేసినాయన పేరు రేమండ్ క్యూసిక్. 1928లో లండన్‌లో పుట్టారు. 1963లో ఆయన బీబీసీ డిజైన్ డిపార్ట్‌మెంట్‌లో నెలజీతం ఉద్యోగి. డాలెక్‌లు మొదటిసారి వచ్చే 'డాక్టర్ హూ' కథ మొదట అదే డిపార్ట్‌మెంట్‌లో ఉన్న ఇంకొకరికి వెళ్లాల్సింది, తేదీలు కుదరక ఈయన దగ్గరికి వచ్చింది. ఆ ఇంకొకరు రిడ్లీ స్కాట్, తర్వాత సినిమా దర్శకుడైన ఆయనే.

రచయిత టెర్రీ నేషన్ స్క్రిప్టులో రాసింది నాలుగు ముక్కలే. కాళ్లు ఉండవు, గుండ్రటి అడుగు మీద కదులుతాయి, మనిషి పోలిక ఉండదు, కన్ను బదులు ఒక లెన్స్, చేతుల బదులు పట్టుకునే యంత్రం. అప్పటిదాకా టీవీలో గ్రహాంతరవాసి అంటే ఎవరో ఒక నటుడికి తొడుగు తొడిగినట్టే కనిపించేది. క్యూసిక్ గారు లోపల ఉండే మనిషి నిలబడకూడదు, కూర్చోవాలి అనుకున్నారు. కూర్చున్న మనిషిని గీసి ఆ బొమ్మ చుట్టూ ఆకారం తెచ్చారు. డాలెక్ కింది భాగం ముందుకు పొడుచుకొచ్చి ఉంటుంది చూడండి, లోపలివాళ్ల మోకాళ్లకి చోటు కావాలిగా మరి. లోపల మూడు చక్రాల సైకిల్ పెడదామనుకుని అది మానేసి, చిన్న చక్రాలు బిగించి కాళ్లతోనే తోసుకుంటూ వెళ్లేలా చేశారు. చేతికి మొదట పంజా లాంటిది అనుకున్నారు. ఖర్చు కుదరక సింకు పూడుకుపోతే వాడే రబ్బరు ప్లంజర్ పెట్టారు. అక్స్‌బ్రిడ్జ్‌లోని షాక్రాఫ్ట్ అనే మోడల్స్ కంపెనీ నాలుగు తయారుచేసింది. గుంపు కనిపించాల్సిన షాట్లలో వెనకాల నిలువెత్తు ఫోటో కటౌట్లు నిలబెట్టారు.

1963 డిసెంబర్ 21న ఎపిసోడ్ చివర ప్రేక్షకులు చూసింది ఆ ప్లంజర్ చేయి ఒక్కటే. పూర్తి డాలెక్ మరుసటి వారం కనిపించింది. ఏడాది తిరిగేసరికి ఇంగ్లండ్ బొమ్మల కొట్లన్నీ డాలెక్‌లే. 1965లో సినిమా, 1966లో ఇంకొకటి. టెర్రీ నేషన్ ఫ్రీలాన్స్ రచయిత. ఆయన ఏజెంట్ బెరిల్ వర్ట్యూ గట్టిగా నిలబడి హక్కుల్లో వాటా రాయించుకున్నారు కాబట్టి ఆయనకి బాగా డబ్బొచ్చింది. క్యూసిక్ గారు ఉద్యోగి, గీసిందంతా సంస్థది. ఆయనకి ముట్టింది 100 పౌండ్ల బోనస్, పిల్లల కార్యక్రమం 'బ్లూ పీటర్' వాళ్లిచ్చే బంగారు బ్యాడ్జి.

ఇక్కడ ఎవరు చెప్పినా ఈ కథని అన్యాయం కథగానే చెబుతారు. అన్యాయమే, కాదనను. కానీ అక్కడితో ఆపేస్తే ఆయన కెరీర్ ఏమిటో మీకు తెలీదు, ఆ కెరీరే మీకు పనికొచ్చేది.

అప్పట్లో 'డాక్టర్ హూ' లైమ్ గ్రోవ్ అనే పాత స్టూడియోలో తీసేవాళ్లు. వారానికో ఎపిసోడ్, ఒకే సాయంత్రం రికార్డింగ్. వీడియో టేపు కోసి అతకడం ఖరీదైన వ్యవహారం కాబట్టి దాదాపు నాటకంలా వరసగా నడిపించేసేవాళ్లు. అంటే ఆ ఎపిసోడ్‌లోని గుహ, గది, అడవి అన్నీ ఒకే ఫ్లోర్ మీద పక్కపక్కన నిలబడి ఉండాలి. వాటి మధ్య పెద్ద కెమెరాలు, కేబుళ్లు, మైకు బూములు తిరగాలి. బ్లాక్ అండ్ వైట్ కాబట్టి ఎరుపూ ఆకుపచ్చా పక్కపక్కన వేస్తే తెర మీద రెండూ ఒకే బూడిద రంగులో కలిసిపోవచ్చు, అదీ చూసుకోవాలి. ఒక్కరి వల్ల అయ్యే పని కాదు గనక క్యూసిక్, బారీ న్యూబెరీ ఎక్కువగా వంతులవారీగా కథలు పంచుకునేవాళ్లు. 1964లో వచ్చిన ఒక కథలో పాత్రలు అంగుళమంత అయిపోతారు. దానికోసం క్యూసిక్ గారు మనుషులు ఎక్కి దిగగలిగేంత సింకు, దాని గొలుసు, పెద్ద అగ్గిపెట్టె కట్టించారు. ఆ మరుసటి ఏడాది నీరో చక్రవర్తి కాలపు రోమ్ నగరం. ఇంత చిన్న ఫ్లోర్‌లో రోమ్! నన్నడిగితే డాలెక్ కంటే ఆ సింకే గొప్ప పని. చూసేవాళ్లకి కొలత ఒక్కచోట తేడా కొట్టినా కథంతా పోతుంది.

1966లో క్యూసిక్ గారు ఆ సీరియల్ వదిలేశారు. తర్వాత ఇరవై ఏళ్లకి పైగా బీబీసీలోనే ఉన్నారు. 1974లో వచ్చిన 26 ఎపిసోడ్ల 'ద పాలిసర్స్' డిజైనర్లలో ఆయన ఒకరు. అందులో విక్టోరియా కాలపు రాజకీయ కుటుంబాల డ్రాయింగ్ రూములు, విందు గదులు ఉంటాయి. తర్వాత లండన్ హోటల్ నడిపే వంటమనిషి కథ 'ద డచెస్ ఆఫ్ డ్యూక్ స్ట్రీట్'. 1988లో రిటైరయ్యారు, 2013లో చనిపోయారు. సంతాప వార్తలన్నిటి హెడ్డింగ్ డాలెక్ మీదే. ఆ డ్రాయింగ్ రూముల గురించి ఎవరూ అడగరు, ఎందుకంటే చూసినవాళ్లకి అది సెట్ అని తోచలేదు. ఈ వృత్తిలో నూటికి తొంభై పాళ్లు పని అలాంటిదే.

ఇక ఇప్పటి సంగతి. క్యూసిక్ గారికి హక్కులు లేకపోయినా జీతం, పెన్షన్, వెనకాల వడ్రంగుల వర్క్‌షాపు, ఒక షో అయిపోగానే ఇంకో షో ఉండేవి. 1993లో బీబీసీ 'ప్రొడ్యూసర్ ఛాయిస్' పద్ధతి పెట్టింది. నిర్మాతలు బయటివాళ్లతోనైనా పని చేయించుకోవచ్చన్నారు. దాంతో లోపలి డిజైన్ డిపార్ట్‌మెంట్ తరిగిపోయింది. ఇప్పుడు మేమంతా ఫ్రీలాన్సర్లమే. తమాషా ఏమిటంటే హక్కులు ఇప్పుడూ మాకు లేవు. సంతకం పెట్టే కాగితంలో మొదటి పేజీల్లోనే గీసిందంతా నిర్మాణ సంస్థకి రాసిచ్చేస్తాం. ఒక సీరియల్‌కి నేను నెలల తరబడి కూర్చుని గీసిన పోలీస్ స్టేషన్ సెట్, రెండో సీజన్‌లో వేరే టీముతో మళ్లీ నిలబడింది. మాకెవరికీ కబురు లేదు, టీవీలో చూసి తెలుసుకున్నాను. ఏ సంస్థో చెప్పను, ఎందుకంటే కాగితం ప్రకారం వాళ్లది తప్పు కాదు.

డబ్బు వారం లెక్కన ఇస్తారు, పని ఉన్నప్పుడు బాగానే వస్తుంది. సినిమా, టీవీ పనివాళ్ల సంఘం బెక్టు ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌కి రేట్ల పట్టిక ఇస్తుంది, బేరమాడేముందు అది చూసుకోండి. పని లేనప్పుడే టెన్షన్. 2023లో అమెరికాలో రచయితలు, నటులు సమ్మె చేస్తే ఇక్కడ మా ఫోన్లు కూడా మోగడం మానేశాయి. అప్పుడు నేను వంటగదులు బిగించే కంపెనీకి డ్రాయింగులు గీసి అద్దె కట్టాను. మా టీములో ఇద్దరు అప్పుడు వెళ్లి మళ్లీ తిరిగి రాలేదు.

మీ చదువు పనికొస్తుందా అంటే, వస్తుంది. ఇక్కడ సెట్ ప్లాన్లు 1:50, 1:25 స్కేల్లో గీస్తాం, గుమ్మాల చెక్కడాల్లాంటివి అసలు సైజులోనే. కాకపోతే వందేళ్లు నిలబడే గోడ గీయడం మర్చిపోవాలి. ఈ గోడ మూడు వారాలు నిలబడితే చాలు, కెమెరా వెనక్కి జరగాలంటే పది నిమిషాల్లో ఊడి రావాలి. ఇంకా చిల్లర పనులు బోలెడు. కొట్టు బోర్డు మీద ఫోన్ నంబర్ రాయాలన్నా ఇష్టమొచ్చింది రాయకూడదు. ఆఫ్‌కామ్ అనే నియంత్రణ సంస్థ డ్రామాల కోసం కొన్ని నంబర్లు విడిగా పెట్టింది, లండన్‌కి అయితే 020 7946 0తో మొదలయ్యేవి.

పోర్ట్‌ఫోలియోలో త్రీడీ రెండర్లు, అంటే కంప్యూటర్‌లో చేసిన బొమ్మలు, గుట్టగా పెట్టకండి. నాకు మొదటి పని ఇచ్చిన డిజైనర్ నా రెండర్లన్నీ గబగబా తిప్పేసి, కోనసీమలో మా అమ్మమ్మగారి మండువా ఇల్లు టేపుతో కొలిచి చేత్తో గీసిన డ్రాయింగ్ దగ్గర ఆగింది. దూలం స్తంభం మీద ఎలా కూర్చుందో అడిగింది. వాన నీళ్లు మధ్యలో పడితే ఎటు పోతాయని అడిగింది. మిగతా ఇంటర్వ్యూ అంతా ఆ ఇంటి గురించే. చదువుకోవాలనుంటే బీకన్స్‌ఫీల్డ్‌లోని నేషనల్ ఫిల్మ్ అండ్ టెలివిజన్ స్కూల్లో ప్రొడక్షన్ డిజైన్ ఎంఏ ఉంది. మంచిదే, ఖరీదు ఎక్కువ. స్కూలు పేరు చూసి ఎవరూ డిజైనర్‌ని చేసెయ్యరు. కింద అసిస్టెంట్‌గా టీలు మోసి, మోడళ్లు అతికించి, డ్రాఫ్టింగ్‌కి, అక్కణ్నుంచి ఆర్ట్ డైరెక్టర్‌కి రావాల్సిందే.

వీసా సంగతి మీరు అడగలేదు గానీ మనవాళ్లకి అసలు అడ్డంకి అదే. స్పాన్సర్ చేసే ఉద్యోగ వీసా మీద వస్తే ఆ కంపెనీలోనే పనిచేయాలి, షో తర్వాత షోగా ఫ్రీలాన్స్ చెయ్యడం కుదరదు. ఈ రంగంలో దాదాపు పనులన్నీ ఫ్రీలాన్సే. చదువయ్యాక ఇచ్చే గ్రాడ్యుయేట్ వీసా మీద చెయ్యొచ్చు, కానీ దానికి గడువుంది. నేను మా ఆయనతో డిపెండెంట్‌గా వచ్చాను కాబట్టి నాకు ఆ ఇబ్బంది రాలేదు. ఫీజు కట్టేముందు బ్రిటన్ ప్రభుత్వ వెబ్‌సైట్‌లో ఆ పేజీ మీరే చదవండి, కన్సల్టెన్సీల మాట మీద ఉండకండి. నియమాలు తరచూ మారుస్తున్నారు.